అవ్వ చేతిలో పిట్ట

యాభై రెండో సంవత్సరం వేసవి సెలవులకు నేను ఆత్మకూరులో ఉదయగిరి బస్సెక్కినప్పుడు నా ట్రంకుపెట్టెలో నాలుగు పంచెలు, నా భార్య దేవకి నోరారా అడిగిన నిమ్మకాయ ఊరగాయ జాడీ, మద్రాసు మూర్‌మార్కెట్టులో కొన్న రెండు పాత పుస్తకాలు ఉన్నాయి. ఒకటి ప్రాచీన గ్రీకుల శిల్పాన్ని పరిచయం చేసేది, రెండోది రోమనులది. దుత్తలూరు దాటాక రోడ్డుకు రెండు పక్కలా చేలు కాల్చిన పెంకుల్లా కనిపించాయి. గొర్రెల మందలు దుమ్ములో తలలు వంచుకుని తూర్పుకు పోతున్నాయి. వాటి వెనక మనుషులు కూడా అలాగే నడుస్తున్నారు.

అప్పట్లో నేను హైస్కూల్లో చరిత్ర చెప్పేవాణ్ణి. మా పాఠ్యపుస్తకంలో గ్రీసుకు ఒక పేజీ ఇచ్చారు కానీ బొమ్మ ఒక్కటీ వేయలేదు. ఆ సెలవుల్లో ఈ రెండింటినీ ఆధారం చేసుకుని పిల్లలకోసం తెలుగులో ఒక చిన్న పుస్తకం రాయాలనుకున్నాను. అత్తగారింట్లో వేసవంతా ఊరికే కూర్చునే అల్లుడికి అదొక పనిగా కూడా పనికొస్తుందనుకున్నాను.

దేవకి కాన్పుకు పుట్టింటికి వచ్చి ఉంది. అంతకుముందు రెండుసార్లు నెలలు నిండకుండానే కడుపు పోయింది. ఈసారి నెలలు నిండుతున్నాయి. ఈ బిడ్డ దక్కాలి, అవయవాలన్నీ సరిగ్గా ఉండి దక్కాలి. ఆ ఇంట్లో ఎవరు ఏ దేవుడికి మొక్కినా అదే మొక్కు.

మా అత్త హనుమాయమ్మ నాకు పిల్లనిచ్చిన అత్తే కాదు, మా నాయనకు స్వయానా చెల్లెలు. అందుకని తలుపు చాటునుంచి మాట్లాడే మర్యాదలు మా మధ్య లేవు. దేవకి మంచానికి ఎదురుగా గోడమీద ఆమె వెన్నముద్ద పట్టుకున్న బాలకృష్ణుడి పటం తగిలించింది. పొద్దున కళ్ళు తెరవగానే ఆ బొమ్మే కనబడాలి, కడుపుతో ఉన్న మనిషి దేన్ని చూస్తే బిడ్డకు ఆ పోలికే వస్తుంది అని ఆమె నమ్మకం.

"ఆ పిల్లోణ్ణి చూసీ చూసీ నాకు వెన్నమీద విసుగు పుట్టింది బావా. ఏం తెచ్చినావు, చూపించు" అంది దేవకి, నేను చేరిన సాయంత్రమే.

చూపించాను. మొదటి పేజీల్లో ఎడమకాలు ముందుకు వేసి, చేతులు తొడలకు ఆనించి బిగుసుకుని నిలబడ్డ యువకుడు. పెదవులమీద సన్నని నవ్వు. "వీడెవడో పరీక్ష తప్పి ఇంటికొచ్చినట్టుండాడు, నవ్వుతా ఉండాడు గానీ నవ్వు రావడంలా" అంది. తర్వాతి పేజీల్లో శిల్పులు బరువును ఒక కాలిమీదికి మార్చడం నేర్చుకున్నారు, నడుం కాస్త వంగింది, భుజం కాస్త జారింది. అది చెప్పబోతే తనే అందుకుని, "ఇదేముంది, మన కిష్ణుడు ఎప్పుడో నేర్చుకున్నాడు" అంది. రాతిమీద తడిబట్టలా అంటుకున్న చీరకుచ్చెళ్ళను వేలితో తడుముతూ చాలాసేపు చూసింది. చేతులు లేని ఆ ప్రసిద్ధ స్త్రీమూర్తి దగ్గర మాత్రం పేజీ తిప్పలేదు.

"ఈమె చేతులేమైనాయి?"

"దొరకలేదు. ఎవరో రైతు పొలం తవ్వుతుంటే విగ్రహం బయటపడింది. చేతులు బయటపడలేదు."

"వెదికినారా?"

"వెదికారు."

"సరిగ్గా వెదికుండరు" అంది. "ఇంత అందంగా చేసినవాడు చేతులెంత బాగా చేసుంటాడు."

సరిగ్గా అప్పుడే అత్త పాలగ్లాసుతో లోపలికి వచ్చింది. ఆ పాలు పెంచలనరసయ్య అనే గొర్రెలకాపరి రోజూ తెచ్చి ఇచ్చేవి. మేత లేక మేకలు ఎండిపోయినా, దేవకి చిన్నప్పటినుంచీ తెలిసినవాడు కాబట్టి ఒక్క మేకను మాత్రం చెట్టెక్కి కొమ్మలు కొట్టి మరీ మేపుతున్నాడు. అత్త గ్లాసు కిందపెట్టి, పుస్తకం తీసుకుని, ఒక్కో పేజీ తిప్పింది. చేతులు లేని స్త్రీ. తల లేకుండా రెక్కలతో నిలబడ్డ దేవత. ముక్కు విరిగిన రాజు. మోకాళ్ళవరకే మిగిలిన మల్లుడు.

"ఎవుర్రా వీళ్ళనంతా నరికినోళ్ళు?" అంది.

"ఎవరూ నరకలేదత్తా. రెండువేల ఏళ్ళనాటివి. విరిగిపోయాయి."

"విరిగిపోతే నీళ్ళలో వదలాల గానీ పటాలు తీసి అచ్చేసుకుంటారా? భిన్నమైన విగ్రహాన్ని గుడిలోనే ఉంచరే, నువ్వు కడుపుతో ఉండే పిల్ల మంచంమీదికి తెస్తివే."

"ఇవి పూజ చేసే విగ్రహాలు కావు. బొమ్మలు. దొరల దేశంలోవి."

"బొమ్మలు దొరలవిరా. చూసేది మన పిల్ల గదా" అంది.

ఆమె పుస్తకాన్ని వంటింట్లో అటకమీద పెట్టింది. దేవకి నావైపు చూసి నవ్వింది. ఆ నవ్వులో భయం లేదు, ఆ రోజుకు.

*

మా మామ వీరరాఘవులుకు బజారులో చింతపండు, ఆముదం, బెల్లం కొట్టు. వానలు లేక పల్లెలనుంచి ఎవరూ రావడం లేదు. ఆయన పొద్దున్నే త్రాసు తుడిచి, సాంబ్రాణి వేసి, సాయంత్రం దాకా రోడ్డు చూస్తూ కూర్చునేవాడు. నేను రోమను పుస్తకాన్ని అక్కడికి తీసుకెళ్ళి రాసుకునేవాణ్ణి. ఒకరోజు ఆయన నా భుజంమీదుగా తొంగిచూశాడు.

"ఎవురల్లుడా ఈ పెద్దమనుషులు?"

"రోమనులు మామా. ఊరి పెద్దలు, సభల్లో కూర్చునేవాళ్ళు."

"ఈ బట్టతలాయన అచ్చం మన వరదయ్య శెట్టే. ఆ నోరు చూడు, తెరిస్తే ఏం ఖర్చవతాదో అని బిగించినాడు." ఆయన పుస్తకాన్ని వెలుగుకు తిప్పాడు. "ముడతలన్నీ చెక్కినాడే. పులిపిరి కూడా వదల్లా."

"వాళ్ళు ఉన్న రూపాన్ని ఉన్నట్టే చెక్కించుకునేవారు మామా."

"డబ్బులిచ్చి మళ్ళా పులిపిరి చెక్కించుకున్నారా? వీళ్ళకి యాపారం తెలీదురా."

ఆ ఎండాకాలంలో ఆయన నవ్వడం నేను చూసింది ఆ ఒక్కరోజే. నవ్వు ఆగాక పుస్తకం మూసి నా ఒళ్ళో పెట్టాడు. "మీ అత్త రాత్రుళ్ళు పడుకోడం లేదురా. లేచి లేచి పోయి పిల్ల పక్కన కూర్చుంటా ఉండాది. ఆ చేతుల్లేని బొమ్మ తలకెక్కింది దానికి. ఏదన్నా ఒకటి చెయ్యి."

"ఏం చేయమంటారు?"

"చదువుకున్నోడివి నన్నడిగితే ఎట్ట?"

భయం అత్త దగ్గరే ఆగలేదు. ఎండలు ముదిరేకొద్దీ దేవకి కాళ్ళు వాచాయి. మొహం కూడా ఉబ్బింది. మధ్యాహ్నాలు తడిబట్ట కళ్ళమీద వేసుకుని పడుకునేది. ఒకనాడు ఆ బట్ట తీయకుండానే అడిగింది. "బావా, బిడ్డ ఎప్పుడూ ఒకవైపే కదలతా ఉండాది. కాళ్ళతో తన్నతా ఉండాది గానీ చేత్తో పొడిచినట్టు ఒక్కనాడూ లేదు. చేతులు ఉంటాయా?"

"నీకా అనుమానం ఎందుకొచ్చింది? ఆ పూటకు నవ్వావు కదా."

"ఆ పూటకు నవ్వినాను" అంది. "ఇప్పుడు కళ్ళు మూసుకుంటే ఆమే కనబడతా ఉండాది. అంత అందంగా లేకపోయుంటే మరిచిపోయేదాన్నేమో."

నేను అటకమీది పుస్తకం దించాను. బి.ఏ. చదివినవాణ్ణి. ఇలాంటి నమ్మకాలకు ఆధారం లేదని బోర్డుమీద రాసి చూపించగలవాణ్ణి. కానీ మంచంమీద ఉన్నది బోర్డు కాదు. ముక్కలు కాని శిల్పం, చేతులూ వేళ్ళూ నిండుగా ఉన్న శిల్పం ఒక్కటైనా దొరుకుతుందేమోనని ఆ మధ్యాహ్నమంతా వెదికాను. చివర్లో దొరికింది.

పెద్దది కాదు. ఒక రాతి పలకమీద ఉబ్బెత్తుగా చెక్కిన బొమ్మ. కుర్చీలో పక్కకు తిరిగి కూర్చున్న ఒక ముసలామె. తలమీద కొంగు. ఎడమచేతి మడతలో గుడ్డలో చుట్టిన పసిబిడ్డ. కుడిచేతిలో ఒక చిన్న పిట్ట, బిడ్డకు చూపిస్తున్నట్టు. రాయి అంచులు కాస్త రాలాయి తప్ప మనుషులకు ఏ లోపమూ లేదు. బొమ్మకు పైన రాతిలోనే గ్రీకు అక్షరాల వరసలు.

అది ఏమిటో కింద ఇంగ్లీషులో రాసి ఉంది. చదివాను. ఏథెన్సు ఊరిబయట శ్మశానంలో దొరికిన సమాధిరాయి. అవ్వా మనవబిడ్డా ఇద్దరూ చనిపోయాక వాళ్ళవాళ్ళు నిలబెట్టినది. పుస్తకం మూయబోయాను. అప్పటికే అత్త వెనక నిలబడి ఉంది.

"ఉండు, తిప్పబాక" అంది.

బొమ్మను చాలాసేపు చూసింది. నా పక్కనే కింద కూర్చుంది. "ఈమెకు రెండు చేతులూ ఉండాయే" అంది. "బిడ్డకి కూడా. చూడు, పిట్టను చూపించి మాయ చేస్తా ఉండాది. మేమూ అట్టనే గదరా పాలు తాపేది. ఎవురీమె?"

"అవ్వ" అన్నాను. "ఆ బిడ్డ కూతురి బిడ్డ."

"కూతురి బిడ్డా!" ఆమె గొంతు మెత్తబడింది. "ఇట్టాంటిది పెట్టుకుని ఆ మొండేలన్నీ చూపించినావే పిల్లకు. ఈ కాగితం కోసి ఇయ్యి."

"అత్తా, అది..."

"నీ పుస్తకానికేం తక్కువ, ఇంకా శానా ఉండాయి బొమ్మలు. ఇయ్యి."

కత్తెర ఆమే తెచ్చింది. కింది ఇంగ్లీషు అక్షరాలు చూడ్డానికి బాగాలేవని అంచు దాకా కత్తిరించేసింది. కొట్లో పగలని అద్దం ఉన్న ఒక పాత చట్రం ఉంటే మామ తెచ్చి బిగించాడు. బాలకృష్ణుడి పక్కన, దేవకి కళ్ళకు సూటిగా తగిలించారు. ఆ రాత్రి అత్త తెల్లవారేదాకా కదలకుండా పడుకుందని మామ చెప్పాడు.

*

దేవకి ఆ బొమ్మను ఒకరోజంతా చూసింది. మరునాడు అత్త నీళ్ళకు పోయినప్పుడు నన్ను పిలిచింది.

"ఇది ఏ గుడిలోది బావా?"

"గుడిలోది కాదు."

"ఇంట్లో పెట్టుకునేదా?"

నేను చట్రం సరిచేసే నెపంతో గోడవైపు తిరిగాను. అబద్ధం చెప్పడం నాకు చేతకాదని ఆమెకు చిన్నప్పటినుంచీ తెలుసు. చెరుకు దొంగిలించి పట్టుబడిన ప్రతిసారీ నా మొహమే పట్టించేది.

"చెప్పు. నేనేం పడిపోను."

చెప్పాను.

"ఇద్దరూ పోయినోళ్ళేనా?"

"ఇద్దరూ."

ఆమె బొమ్మవైపు తిరిగింది. బయట గొర్రెల మంద ఒకటి పోతూ ఉంది.

"తీసేస్తాను, ఏదో ఒకటి చెప్పి" అన్నాను.

"వద్దు. అమ్మ ఇన్నాళ్ళకి కంటినిండా నిద్రపోతా ఉండాది. ఆమెకి చెప్పబాక." బొమ్మను వేలితో చూపిస్తూ, "పోయినారని చెక్కినవాడు ఏడుపు చెక్కలేదు చూడు. పిట్టను చెక్కినాడు. ఆ వేళ్ళు చూసినావా, పిట్టకు నొప్పి తగలకుండా ఎట్ట పట్టుకున్నదో" అంది.

తర్వాత నావైపు చేయి చాపింది. ఉబ్బిన ఆ వేళ్ళకు ఉంగరం పట్టడం లేదు. "బిడ్డ పుట్టినాక నెల్లూరికి పోయి ముగ్గురం ఫోటో తీయించుకుందాం బావా. నాదొక్క ఫోటో కూడా లేదు. పెండ్లిలో తీస్తానన్నోడు రాకపోయె."

"తీయించుకుందాం" అన్నాను.

"నీ పుస్తకం ఎంత దాకా వచ్చింది?"

"చేతుల దాకా" అన్నాను. ఇద్దరమూ నవ్వాం.

*

సెలవులు ముగిసే ముందు, ఒక పొద్దున, నెల్లూరు బస్సు వెళ్ళిపోయిన కాసేపటికి నొప్పులు మొదలయ్యాయి. మంత్రసాని శీనమ్మ వచ్చింది. ఆ చుట్టుపక్కల సగంమందిని ఈ లోకంలోకి తెచ్చిన మనిషి ఆమె. పొద్దెక్కేసరికి ఆమె ముఖంలో ధీమా తగ్గింది. ఊళ్ళో కాంపౌండరును పిలిచాం. ఆయన వచ్చి, వాపు చూసి, నెల్లూరు తీసుకుపోగలిగితే మంచిదన్నాడు. మళ్ళీ బస్సు సాయంత్రమే. మామ ఎవరిదో లారీ ఉందని తెలిసి ఎర్రటి ఎండలో పరుగెత్తాడు. లారీ ఉంది గానీ డ్రైవరు ఊళ్ళో లేడు. ఆయన తిరిగివచ్చి, కండువా చేతిలో పట్టుకుని, ఇంటి అరుగుమీద రోడ్డుకు వీపు పెట్టి కూర్చున్నాడు.

నేను పంచలో ఉన్నాను. తలుపు వెనకనుంచి దేవకి గొంతు వినబడినంతసేపూ భయపడ్డాను. అది ఆగిపోయాక ఆ భయమే మేలనిపించింది. రెండో గొంతు వినబడుతుందని చూశాను. శీనమ్మ బిడ్డ వీపును చేత్తో చరుస్తున్న చప్పుడు వినిపించింది. నీళ్ళ చప్పుడు వినిపించింది. మళ్ళీ చరుపు. ఆ తర్వాత అదీ లేదు.

"రంగా, లోపలికి రా" అంది అత్త. పురిటి గదిలోకి మగవాణ్ణి పిలవడం ఆ ఇంట్లో ఎన్నడూ లేదు. ఆమె పిలుపులోనే నాకు తెలిసిపోయింది.

గడపలో నిలబడ్డాను. శీనమ్మ మంచం కాళ్ళవైపు వంగి గుడ్డమీద గుడ్డ మారుస్తూ ఉంది. గుడ్డలన్నీ ఒకే రంగు. అత్త తలవైపు ముక్కాలిపీటమీద కూర్చుని ఉంది. ఎడమచేతి మడతలో పాత నూలుచీరలో చుట్టిన బిడ్డ. ఆడపిల్ల. నల్లటి జుట్టు. బిడ్డకు అన్నీ ఉన్నాయి, ఊపిరి తప్ప.

దేవకి కళ్ళు తెరిచింది. ఆ కళ్ళు మమ్మల్ని పట్టుకోవడానికి కొంతసేపు పట్టింది.

"అమ్మా, చేతులు?" అంది.

"ఉండాయి తల్లీ. రెండూ ఉండాయి." అత్త చీర మడత కాస్త తొలగించి, కుడిచేతి రెండువేళ్ళ మధ్య ఆ చిన్న చేయిని పైకి తీసి చూపించింది. "ఇదో, చూడు. నీ మాదిరే పొడుగు వేళ్ళు."

"ఏడవలా?"

"ఏడ్చిందమ్మా. ఊరంతా వినబడేటట్టు ఏడ్చింది. నువ్వు మగతలో ఉంటివి. ఇప్పుడే కునుకు పట్టింది."

దేవకి ఆమె మొహాన్ని చూసింది. ఆ చేతిని చూసింది. తర్వాత ఆమె చూపు ఎదురుగోడమీదికి పోయి, అక్కడ కాసేపు ఆగి, మళ్ళీ వాళ్ళమ్మ మీదికి వచ్చింది.

"బాగా పట్టుకున్నావమ్మా" అంది.

నావైపు చూసి ఏదో అనబోయింది. నేను దగ్గరికి పోయి ఆ ఉబ్బిన వేళ్ళు పట్టుకున్నాను. ఆ వేళ్ళు తిరిగి నా చేతిని పట్టుకోలేదు. మేం చెప్పిపెట్టిన సాయంత్రం బస్సు ఇంటిముందు ఆగి హారను కొట్టినప్పుడు మామ అరుగుమీదనుంచి లేచి, అక్కరలేదని చేయి ఊపాడు.

*

మర్నాడు పొద్దున పెంచలనరసయ్య ఎప్పటిలాగే చెంబుతో వచ్చాడు. అతనికి ఎవరూ చెప్పలేదు. వాకిట్లో మనుషుల్ని చూసి చెంబు కిందపెట్టి, తలగుడ్డ విప్పి, గోడవారగా గొంతుక్కూర్చున్నాడు. అత్త లేచి వెళ్ళి ఆ పాలు తీసుకుంది. "రేపు కూడా తీసకరా" అంది. తెచ్చాడు. దినాలు ముగిసేదాకా మామకూ నాకూ ఆ పాలే ఆహారం.

పరామర్శకు వచ్చిన పక్కింటి వరదమ్మ, "ఆ ముక్కలైన బొమ్మలేవో చూసిందంట గదా పాపం, అందుకేనంటారా" అని మొదలుపెట్టింది.

"నా మనవరాలికి చేతులు రెండూ ఉండాయి" అంది అత్త. "గోళ్ళు కూడా ఉండాయి. నేను పట్టుకుని చూసినా. బొమ్మల్ని ఎవురూ ఏమీ అనబల్లేదు."

ఆ మాటతో ఆమె నన్ను ఎంత పెద్ద మాటనుంచి తప్పించిందో ఆ ఇంట్లో నాకొక్కడికే తెలుసు.

బడి తెరిచే ముందురోజు బయలుదేరాను. రెండు పుస్తకాలూ పెట్టెలో అడుగున పెట్టుకున్నాను. తర్వాత వాటిని బడి లైబ్రరీకి ఇచ్చేశాను. నేను రాయాలనుకున్నది చేతుల దగ్గరే ఆగిపోయింది. పెట్టె పట్టుకుని, చెప్పి వెళదామని ఆ గదిలోకి వెళ్ళాను. మంచం ఎత్తేశారు. గోడమీద బాలకృష్ణుడు లేడు. అవ్వ పటం మాత్రం ఉంది. అద్దంమీద, అవ్వ నుదుటి దగ్గర కుంకుమ బొట్టు, చట్రం చుట్టూ కనకాంబరాల దండ. అత్త ముందు నిలబడి దీపం వత్తి సరిచేస్తూ ఉంది.

"దానిదొక ఫోటో అన్నా లేకపోయె గదరా" అంది నావైపు తిరగకుండా. "వొట్టి గోడకి దీపం పెట్టలేక దీనికి పెడతా ఉండా. ఇన్నాళ్ళు చూసుకుంటా పడుకున్నది ఈ బొమ్మే గదా. తప్పేమన్నా ఉండాదా?"

"లేదత్తా."

"పైన ఏందో రాసుండాదే. నిన్ను ఎప్పుడూ అడగనే లేదు."

నేను పటానికి దగ్గరగా వెళ్ళి, చదవడం వచ్చినవాడిలా ఆ అక్షరాలను చూశాను.

"పేర్లత్తా" అన్నాను.

"అవ్వదీ మనవరాలిదీనా?"

"ఊఁ."

ఆమె నా మొహం చూసింది. దండ కాస్త జారి బిడ్డ మొహానికి అడ్డంగా పడితే, రెండువేళ్ళతో నెమ్మదిగా దాన్ని పక్కకు జరిపింది.

"పో నాయనా, బస్సుకి వేళైంది" అంది.